ఆ పదకొండు రోజులూ వాడు బడిలోనే ఉన్నాడు

పోయిన నెల మా టీచర్ల వాట్సాప్ గ్రూపులో ఎవరో ఒక యూట్యూబ్ లింకు పెట్టారు. "ఈ బుడ్డోడు గుర్తున్నాడా? ఇప్పుడెలా ఉన్నాడో చూస్తే షాకవుతారు" అని పెద్ద అక్షరాలు, పక్కన రెండు ఫొటోలు. ఒకదాంట్లో తెల్ల పంచె కట్టుకుని, నుదుటి మీద రక్తం రంగుతో ఏడుస్తున్న పదేళ్ళ పిల్లాడు. రెండోదాంట్లో ఒళ్ళంతా బండల పొడి పేరుకున్న యువకుడు. వాడికి తెలియకుండా ఎవరో దూరం నుంచి తీసిన ఫొటో అది. గ్రూపులో ఇద్దరు "అయ్యో పాపం" అన్నారు, ఒకాయన "అంతా విధి" అన్నాడు. నేనేమీ రాయలేదు. ఆ పిల్లాడు నా దగ్గర ఐదో తరగతి చదివాడు. ఆ రక్తం రంగు వాడి నుదుటికి పూస్తున్నప్పుడు నేను పక్కనే నిలబడి ఉన్నాను.

అప్పటి నుంచీ ఒక్కటే మాట నా మనసులో తిరుగుతోంది. సినిమాలో పిల్లలు చేసేది పని. మనం మాత్రం దాన్ని పని అనం. అదృష్టం అంటాం, అవకాశం అంటాం, దేవుడిచ్చిన కళ అంటాం. అదృష్టానికి జీతం ఎంత అని ఎవరూ అడగరు. అదృష్టం రోజుకి ఎన్ని గంటలు చేయాలి, మధ్యలో అన్నం తినొచ్చా అని కూడా అడగరు. నేనూ అడగలేదు. అందుకే ఇది రాస్తున్నాను. వాడిని అడిగాకే రాస్తున్నాను. తన పేరు వద్దన్నాడు, సినిమా పేరు కూడా వద్దన్నాడు.

కొండ దగ్గర

2010లో నేను ఓర్వకల్లు వైపు ఒక పల్లెలో పనిచేస్తున్నాను. కర్నూలు నుంచి నంద్యాల రోడ్డు పట్టుకుని పోతే ఆ రాతి గుట్టలు ఎట్లుంటాయో చూసినవాళ్ళకు చెప్పక్కర్లేదు. ఫ్యాక్షన్ సినిమాల వాళ్ళకు ఆ రాళ్ళు భలే ఇష్టం. ఆ ఏడాది ఒక యూనిట్ దిగింది. హీరో చిన్నప్పటి వేషానికి ఒక పిల్లాడు కావాలన్నారు. హైదరాబాద్ నుంచి తెచ్చిన అబ్బాయికి జ్వరం వచ్చిందట. బడికొచ్చి వరసగా నిలబెట్టి చూసి మావాణ్ణి ఎంచుకున్నారు. కళ్ళు పెద్దవని.

వాడికి ఒక్క డైలాగు లేదు. నాన్న శవం పక్కన ఏడవాలి, కొరివి పట్టుకుని నడవాలి, చివర్లో కొడవలి వైపు చూడాలి. ఎప్పుడు చూసినా మా సీమ పిల్లలకు తెర మీద దక్కే వేషం ఇదే. నవ్వే పిల్లాడు కావాలని మా రాళ్ళ దగ్గరికి ఎవరూ రారు.

నేనెంత పొంగిపోయానో దాచను. సాయంత్రం బడి అయిపోగానే సైకిల్ మోటార్ మీద కొండ దగ్గరికి పోయేవాణ్ణి. వాడికీ మొదట్లో బాగానే ఉంది. బిర్యానీ పెట్టేవాళ్ళు, గొడుగు పట్టేవాళ్ళు, ఇంట్లో "రేయ్" అని పిలిపించుకునేవాణ్ణి అక్కడ అందరూ "బాబూ" అనేవాళ్ళు. ఎనిమిదో రోజున శవం దగ్గర ఏడ్చే సీను పెట్టారు. గ్లిజరిన్ వేస్తే కళ్ళు మండి ఎర్రబడ్డాయి కానీ ఏడుపు రాలేదు. పొద్దుగూకుతోంది, వెలుతురు పోతుందని కెమెరా ఆయన కేకలు. అప్పుడొక అసిస్టెంట్ వాణ్ణి పక్కకు తీసుకుపోయి చెవిలో ఏదో చెప్పాడు. పిల్లాడి మొహం మారిపోయింది. వాళ్ళ నాన్న కోసం చుట్టూ చూశాడు. ఆయన్ని అప్పటికే దూరంగా పంపేశారు. ఆ తర్వాత వాడు ఏడ్చిన ఏడుపు నాకు ఇప్పటికీ గుర్తుంది. ఎక్కిళ్ళు పడి ఊపిరాడక గుండెలు ఎగిరెగిరి పడుతున్నాయి. ఒకే టేకులో ఓకే అయింది. యూనిట్ అంతా చప్పట్లు కొట్టింది. నేనూ కొట్టాను.

వాడి చెవిలో చెప్పింది ఇది: "మీ నాయన డబ్బు తీసుకుని ఊరికి పోయినాడు. ఇంక నువ్వు మా మనిషివి, హైదరాబాద్‌లోనే ఉండాల. మీ అమ్మ కూడా సరే అనింది."

మర్నాడు మేకప్ వేయించుకుంటూ అడిగాడు: "నేను ఏడిస్తే వాళ్ళంతా చప్పట్లు ఎందుకు కొట్టినారు సార్?"

"బాగా చేసినావని రా."

"నేనేం చేయలేదు సార్. నిజంగానే ఏడిసినా."

దానికి నా దగ్గర సమాధానం లేకపోయింది. ఆ రోజుతో కలిపి ఇంకో మూడు రోజులు షూటింగ్ జరిగింది. మొత్తం పదకొండు రోజులు. ఆ పదకొండు రోజులూ నా హాజరు పట్టీలో వాడు బడికి వచ్చినట్టే ఉంది. వాళ్ళ నాన్న బతిమాలాడని చెప్పుకోవచ్చు గానీ, బతిమాలకపోయినా వేసేవాణ్ణే. మా బడి పిల్లాడు తెర మీద కనబడబోతున్నాడు. ఆ గర్వం ముందు ఒక నీలి ఇంకు గీత నాకు పెద్ద విషయంగా అనిపించలేదు.

పత్తి చేలో పిల్ల

అదే ఏడాది దసరా తర్వాత, బడి మానేసిన పిల్లల్ని వెనక్కి తెచ్చే కార్యక్రమంలో భాగంగా పత్తి విత్తనాల చేల మీదికి పోయాం. మా జిల్లాలో ఆ చేల గురించి తెలియనివాళ్ళు తక్కువ. క్రాసింగ్ పని. సాయంత్రం పూట ఆడ మొక్క మొగ్గలు విప్పి లోపలి పుప్పొడి భాగం గిల్లేయాలి, పొద్దున్నే మగ పువ్వు తెచ్చి ఒక్కొక్కదానికి రాయాలి. పిల్లల ఎత్తు మొక్క ఎత్తుకు సరిపోతుందని, సన్న వేళ్ళకు మొగ్గ నలగదని వాళ్ళనే పెట్టుకునేవాళ్ళు. ఎక్కువగా ఆడపిల్లలే. మేం ఆటో ఎక్కించిన ఒక పాప దారి పొడుగునా వేలి కొనలు పావడకు తుడుచుకుంటూనే ఉంది. పసుపు పచ్చటి పుప్పొడి గోళ్ళ సందుల్లో ఇరుక్కుని వదలడం లేదు.

చేను ఆసామి మమ్మల్ని తిట్టలేదు. ఒకే మాట అడిగాడు. "మీ బడి పిల్లోడు సినిమాలో చేస్తే మీరే పోయి చూసొస్తిరి. ఈ పిల్ల మా చేనికొస్తే ఆటో ఎక్కిస్తిరి. ఇదేం న్యాయం సార్?"

పత్తి చేలో పురుగుమందు, సినిమాలో బిర్యానీ. రెండూ ఒకటెట్లా అవుతాయని అప్పుడు అక్కడే నాలుగు మాటలు చెప్పి వచ్చేశాను. ఇప్పటికీ రెండూ ఒకటి అనను. మందు కొట్టిన చేలో రోజంతా నడుం వంచడం వేరు. కానీ ఆయన అడిగింది అది కాదు. ఒక పిల్ల చేసేదాన్ని పని అని ఒప్పుకుని మాన్పించారే, ఇంకో పిల్లాడు చేసేదాన్ని అసలు పనే కానట్టు చూస్తారేం అని అడిగాడు.

తర్వాత కాలంలో చట్టం కూడా దాదాపు ఆయన ప్రశ్న దగ్గరికే వచ్చింది. బాల కార్మిక చట్టానికి 2016లో చేసిన సవరణతో 14 ఏళ్ళలోపు పిల్లల్ని ఏ పనిలోనూ పెట్టుకోకూడదన్నారు. రెండింటికి మాత్రం మినహాయింపు ఇచ్చారు. బడి అయ్యాక, సెలవుల్లో ఇంటివాళ్ళ పనిలో సాయం చేయడం ఒకటి. సినిమా, టీవీ, ప్రకటనల్లాంటి వాటిలో నటించడం రెండోది. సర్కస్‌కు మినహాయింపు లేదు. 2017లో వచ్చిన నిబంధనలు ఈ నటన ఎట్లా చేయించుకోవాలో రాశాయి. రోజుకు ఐదు గంటలు దాటకూడదు, విశ్రాంతి లేకుండా మూడు గంటలు దాటకూడదు. వరసగా 27 రోజులకు మించి పని చేయించకూడదు. షూటింగ్ జరిగే జిల్లా మేజిస్ట్రేట్, అంటే కలెక్టరు, ముందుగా అనుమతి ఇవ్వాలి. ఐదుగురు పిల్లలకు ఒకరు చొప్పున బాధ్యత తీసుకునే మనిషి ఉండాలి. పిల్లల సంపాదనలో కనీసం 20 శాతం జాతీయం చేసిన బ్యాంకులో వాళ్ళ పేరునే ఫిక్స్‌డ్ డిపాజిట్ చేయాలి, అది మైనారిటీ తీరాకే చేతికి రావాలి. పిల్లలకు ఇష్టం లేకుండా, వాళ్ళు ఒప్పుకోకుండా నటింపజేయకూడదు.

గంటలు, విశ్రాంతి, కూలి, దాచుకునే డబ్బు. వీటన్నిటినీ చదివాక అది పని కాదని ఎవరైనా ఎట్లా అంటారు?

మావాడికి ఇవేవీ అందలేదు. అవి వచ్చేసరికి వాడికి పదిహేడేళ్ళు.

"పదేళ్ళ తర్వాత"

సినిమా ఆడింది. ఒక కో-ఆర్డినేటర్ వాళ్ళింటికి వచ్చి పిల్లాడికి మంచి డిమాండ్ ఉందన్నాడు. వాళ్ళ నాన్న ఉన్న రెండెకరాలు గుత్తకిచ్చి, కొడుకును తీసుకుని హైదరాబాద్‌లో కృష్ణానగర్ చేరాడు. అమ్మ, చెల్లెలు ఊళ్ళోనే ఉండిపోయారు. మూడేళ్ళలో రెండు సినిమాలు, ఒక సీరియల్ చేశాడు. ఆ మూడేళ్ళూ ఇల్లు నడిచింది వాడి డబ్బు మీదే. పన్నెండేళ్ళ పిల్లాడు అలిగితే ఆ నెల బాడుగ ఆగిపోతుంది. ఆ ఇంట్లో తండ్రి కొడుకును ఎట్లా మందలిస్తాడు? "నాయన నన్ను ఒక్కసారి కూడా కొట్టలేదు సార్" అని వాడు పోయిన నెల చెప్పినప్పుడు నాకు సంతోషం వేయలేదు.

సీరియల్లో ఉండగా వాడికి నూగు మీసం వచ్చింది. మేకప్ ఆయన రోజూ పొద్దున బ్లేడుతో గీసేవాడట. రోజురోజుకీ గట్టిగా రావడం మొదలుపెట్టింది. గొంతు మారినా పర్వాలేదు, ఎలాగూ డబ్బింగ్ వేరేవాళ్ళు చెబుతారు. పొడుగు మాత్రం దాచలేరు. ఒకరోజు కథలో "పదేళ్ళ తర్వాత" అని వేశారు. తెర మీద ఆ రెండు మాటలు పడిన రోజే వాడి ఉద్యోగం పోయింది.

దీని గురించి ఆలోచించినప్పుడల్లా నాకు సురభి నాటక సమాజం గుర్తొస్తుంది. మా అమ్మ పుట్టిల్లు ప్రొద్దుటూరు. చిన్నప్పుడు అక్కడ సురభి వాళ్ళ డేరా వేస్తే రోజు విడిచి రోజు పోయేవాళ్ళం. 1885లో వనారస గోవిందరావు గారు కీచక వధ ఆడిన సురభి మా కడప జిల్లా పల్లే కదా, సొంత వాళ్ళు వచ్చినట్టు ఉండేది. పిల్లల్ని నటింపజేయడం తప్పు అని ఎవరైనా నాతో అంటే మొదట అడ్డు చెప్పేది ఆ జ్ఞాపకమే. ఒకసారి డేరా వెనక సందులోంచి చూశాను. ఐదేళ్ళ కృష్ణుడు నీలం రంగు పూసుకుని, నెమలి పింఛంతో సహా గుడ్డల మూట మీద నిద్రపోతున్నాడు. వాడి వంతు వచ్చేసరికి యశోద వేషంలో ఉన్నావిడ వచ్చి అరికాలు నిమిరి లేపింది. ఆవిడే వాళ్ళ అమ్మ. వాడు కళ్ళు నులుముకుని లేచి, నడుం మీద చేయి పెట్టుకుని తెర ముందుకు పోయాడు.

అక్కడా లోటు ఉంది. ఊరూరా తిరిగే డేరాతో పిల్లల చదువు సాగదు. పాత తరం సురభి వాళ్ళలో ఎంతోమందికి సరైన బడి చదువు లేకపోయింది. అది నేను కప్పిపుచ్చను. కానీ ఆ కృష్ణుడికి మీసం వస్తే ఎవరూ బ్లేడు పట్టుకోరు. బాలకృష్ణుడు కాస్త ఎదిగితే లోహితాస్యుడు, ఇంకాస్త ఎదిగితే అభిమన్యుడు, ఆ తర్వాత అర్జునుడు. గొంతు బాగా లేకపోతే హార్మోనియం, అదీ కాకపోతే తెరలు లాగే పని. ఒళ్ళు పెరిగితే వేషం పెరుగుతుంది. సినిమాలో అట్లా కాదు. అక్కడ పిల్లలు పెరగడమే నేరం.

1963లో వచ్చిన లవకుశ షూటింగ్ 1958లో మొదలై, డబ్బుల ఇబ్బందితో మధ్యలో చాన్నాళ్ళు ఆగింది. సెట్టును ఆపొచ్చు, ఫిల్మును డబ్బాలో పెట్టి దాచొచ్చు. లవుడు వేసిన నాగరాజును, కుశుడు వేసిన సుబ్రహ్మణ్యాన్ని ఎవరు ఆపగలరు? ఆ సినిమా చూసినప్పుడల్లా రామాయణం కన్నా ఎక్కువగా ఆ ఇద్దరి మొహాలే వెతుకుతుంటాను, ఏ సీన్లో చిన్నగా ఉన్నారు, ఏ సీన్లో ఎదిగారు అని. వాళ్ళ పాటల్లో వినబడే గొంతులు లీల, సుశీల గార్లవి.

మరి ఎదిగినవాళ్ళో?

ఈ మాట నా భార్యతో అన్నప్పుడు ఆమె వెంటనే లిస్టు చదివింది. శ్రీదేవి, మీనా, అలీ, తరుణ్, మహేశ్ బాబు. "ఇంద్రలో చిన్న చిరంజీవి వేసిన తేజ సజ్జ ఇప్పుడు హీరో కాలేదా? జాంబీ రెడ్డి మన కర్నూలు కథే కదా" అంది. నిజమే. పాతిక మందిలో ఒకరు కాదు, చాలామందే నిలబడ్డారు. మహేశ్ బాబు ఇంట్లోనే సినిమా ఉందని తోసేయొచ్చు గానీ, రాజమండ్రి నుంచి వచ్చి సీతాకోకచిలుకలో నవ్వించిన అలీకి సినిమా కుటుంబం ఎక్కడిది? కాబట్టి బాల నటుల బతుకులన్నీ బూడిదవుతాయని నేను అనను. అట్లా అంటే ఆ యూట్యూబ్ వాడికీ నాకూ తేడా ఉండదు.

ఆ లిస్టు వల్ల నాకు వచ్చిన చిక్కు వేరు. పైకొచ్చినవాళ్ళను చూపించి కిందపడ్డవాళ్ళకు జరిగింది అడగకుండా ఉండిపోతాం. పైకొచ్చినవాళ్ళకైనా పదేళ్ళప్పుడు రోజుకు ఎన్ని గంటలు నిలబెట్టారో ఎవరూ అడగరు. మేస్త్రీ కొడుకు పెద్ద బిల్డర్ అయ్యాడని, ఇప్పుడు ఇటుకలు మోస్తున్న పిల్లాణ్ణి వదిలేస్తామా?

చాప్లిన్ 1921లో తీసిన 'ది కిడ్'లో నటించిన జాకీ కూగన్ ఆ కాలంలో లక్షల డాలర్లు సంపాదించాడు. పెద్దయ్యాక చూస్తే చేతిలో దాదాపు ఏమీ లేదు. 1938లో కన్నతల్లి మీద, సవతి తండ్రి మీద కోర్టుకెక్కాడు. ఆ గొడవతోనే మరుసటి ఏడాది కాలిఫోర్నియాలో పిల్లల సంపాదనలో కొంత పక్కన పెట్టాలని చట్టం వచ్చింది. మన 20 శాతం నిబంధన వచ్చింది 2017లో. మధ్యలో ఎన్ని ఏళ్ళో లెక్కేసుకోండి. ఈ మధ్యలో మన తెర మీద ఏడ్చిన, నవ్విన, పాడిన పిల్లల డబ్బు ఏ గుత్త పొలాల్లో, ఏ బాడుగ ఇళ్ళల్లో కలిసిపోయిందో.

నేను అడిగిన ఒక్కసారి

రెండేళ్ళ కిందట ఇప్పుడు నేనున్న బడికి ఒక వెబ్ సిరీస్ వాళ్ళు వచ్చారు. నాలుగో తరగతి పాప కావాలి, ఆరు రోజులు పని. ఈసారి ఊరుకోలేదు. కలెక్టరు అనుమతి కాగితం చూపించండి అన్నాను. పాప పేరుతో అకౌంట్ తెరుస్తారా, రాత్రి పూట ఎన్నింటికి వదిలిపెడతారు అని అడిగాను. ప్రొడక్షన్ మేనేజర్ మర్యాదగానే నవ్వి, "ఇన్నేళ్ళలో ఇది ఎవరూ అడగలేదు సార్, చూసి చెబుతాం" అని వెళ్ళాడు. మళ్ళీ రాలేదు. పక్క ఊళ్ళో ఇంకో పాపను తీసుకున్నారు.

మూడో రోజు మా బడి పాప వాళ్ళ నాన్న బడి గేటు దగ్గర నన్ను నిలదీశాడు. "మా పాపకొచ్చిన అదృష్టానికి నువ్వు అడ్డం పడితివి కదా సార్. నీ పిల్లలైతే ఇట్లా చేస్తావా?" ఆయన సుగ్గికి పోయి గుంటూరు మిరప చేలల్లో నెలల తరబడి పనిచేసి వచ్చే మనిషి. ఆరు రోజులకు వాళ్ళు ఇస్తామన్నది ఆయన రెండు నెలల కూలి. ఆయనకు నేనేం చెప్పాలి? ఆ పాప కూడా నాతో చాన్నాళ్ళు సరిగ్గా మాట్లాడలేదు. నోట్‌బుక్ దిద్దించుకునేటప్పుడు కూడా తల ఎత్తేది కాదు. దానికి నటించాలని ఆశ ఉంది. రాముడి కల్యాణం రోజు సీత వేషం వేసి ఊరందరినీ కదలనీయకుండా కూర్చోబెట్టిన పిల్ల అది.

నేను చేసింది సరైందేనా అని ఇప్పటికీ తేల్చుకోలేదు. మళ్ళీ ఎవరైనా వస్తే మళ్ళీ అడుగుతాను. కాకపోతే ఈసారి తల్లిదండ్రులను ముందే కూర్చోబెట్టుకుని, ఇది మీ పాప కూలి, ఇవి దాని గంటలు, ఇందులో ఇంత దానికే రావాలి అని చెప్పి, వాళ్ళ చేతనే అడిగిస్తాను. సుగ్గికి పోయేటప్పుడు మేస్త్రీతో అడ్వాన్సు ఎంత, బస్తాకు ఎంత అని గీచి గీచి మాట్లాడే మనిషికి కూలి బేరం నేను నేర్పక్కర్లేదు. అది కూలి అని తెలిస్తే చాలు.

రిజిస్టరు

ఆ లింకు చూసిన వారానికి మావాడే ఫోన్ చేశాడు. వీడియో గురించి అనుకున్నాను. ఆ ఊసే ఎత్తలేదు. బేతంచెర్లలో బండల ఫ్యాక్టరీలో పాలిష్ మిషను మీద ఉన్నాడు, పెళ్ళయింది, ఒక పాప. "ఓపెన్ టెన్త్ కడదామనుకుంటున్నా సార్. ఐదో తరగతి స్టడీ సర్టిఫికెట్ కావాల, మీరొస్తే వాళ్ళు తొందరగా ఇస్తారు" అన్నాడు.

శనివారం పాత బడికి ఇద్దరం పోయాం. అక్కడి హెడ్‌మాస్టర్ నాకు తెలిసినాయనే. అడ్మిషన్ రిజిస్టరు కోసం బీరువా వెతుకుతుంటే, చెదలు పడతాయని మూటగట్టి పెట్టిన పాత హాజరు పట్టీలు కూడా బయటపడ్డాయి. 2010ది వాడే లాగి తీశాడు. పేరు దొరకబుచ్చుకుని, ఆ వరస వెంబడి వేలు పెట్టుకుంటూ పోయాడు. ఒకచోట ఆగింది.

"ఇది నేను కొండ మీద ఏడిసిన రోజు సార్."

ఆ గడిలో నా నీలి ఇంకు గీత ఉంది. పేజీ అడుగున నా సంతకం ఉంది.

"తప్పు చేశాను రా" అన్నాను. వాడు వినిపించుకున్నాడో లేదో, హెడ్‌మాస్టర్ వైపు తిరిగి, "సార్, ఈ పేజీ ఫొటో తీసుకోవచ్చా?" అని అడిగాడు. ఎందుకన్నాడాయన.

"సినిమాలో నా పేరు వేయలేదు సార్. ఆ రోజులవి నా పేరున్న కాగితం ఇదొక్కటే."

గదిలో వెలుతురు సరిపోలేదు. రిజిస్టరు కిటికీ దగ్గరికి తీసుకుపోయి రెండు చేతులతో విప్పి పట్టుకున్నాను. వాడు రెండు ఫొటోలు తీసుకున్నాడు.